640 అడుగుల బోరు, 32 శెనక్కాయ గింజలు: మా తోటకు వచ్చిన బోరుబండి సేవ ఎలా ఉంది?

అనంతపురం జిల్లా కళ్యాణదుర్గం వైపు మా నాయన సాగు చేస్తున్న చీనీ (బత్తాయి) తోటలో 2024 మార్చి 27వ తేదీ రాత్రి ఒక బోరు వేయించాము. ఆ పని చేసిన బోరుబండి సేవ గురించి, మొదటి ఫోన్ మాట దగ్గర నుంచి ఆరు నెలల తరువాత ఆ బోరు పరిస్థితి దాకా, నాకు తెలిసినంతవరకు వివరంగా రాస్తున్నాను. ఏజెంటు పేరు గానీ బండి యజమాని పేరు గానీ ఇందులో రాయడం లేదు. నేను చెప్పబోయే మంచిచెడ్డల్లో ఎక్కువ భాగం ఆ ఒక్క బండికి సంబంధించినవి కావు. మా జిల్లాలో బోరు వేయించుకున్న ఏ రైతును అడిగినా ఇంచుమించు ఇవే మాటలు చెబుతాడు.

నా అభిప్రాయం ముందే చెప్పేస్తాను. పనితనానికి 5కు 4 మార్కులు ఇస్తాను, ముందుగా చెప్పవలసినవి చెప్పడంలో 2 మాత్రమే ఇస్తాను. బండివాళ్ళు అమ్మేది అడుగులు, మేము కొనాలని పోయింది నీళ్ళు. ఈ రెండింటికీ నడుమ ఉన్న తేడా ఎంతో రాసి ఇచ్చే వరుస వాళ్ళ బిల్లులో ఎక్కడా లేదు.

ఆ సంవత్సరం బోరు ఎందుకు తప్పనిసరి అయిందో చెప్పకపోతే మిగతా సంగతి అర్థం కాదు. 2023 ఆగస్టు నెల 1901 తరువాత దేశం మొత్తం మీద అన్నిటికంటే పొడిగా గడిచిన ఆగస్టు అని వాతావరణ శాఖ లెక్క తేల్చింది. మా వైపు ఆ లెక్క చూడనవసరం లేకపోయింది. శెనక్కాయ పైరు పూతకు వచ్చి ఊడలు దిగే వేళకు ఎర్రనేల పెంకులా గట్టిపడి, ఊడలు మట్టిలోకి దిగలేక గాలిలోనే ఎండిపోయాయి. ఆ ఖరీఫ్‌కు రాష్ట్ర ప్రభుత్వం 103 మండలాలను కరువు మండలాలుగా ప్రకటించింది. మామూలు సంవత్సరంలోనే అనంతపురానికి కురిసే వాన 550 మిల్లీమీటర్లకు అటూ ఇటూగా ఉంటుంది. నైరుతి మేఘాలు పడమటి కనుమల దగ్గరే సగం ఖాళీ అయి వస్తాయి, ఈశాన్య మేఘాలు తీరం నుంచి ఇంతదూరం వచ్చేసరికి అలిసిపోతాయి. ఆ కొద్దిపాటి వాన కూడా అదునుకు రాకపోతే మిగిలేది భూమి కింద ఉన్నదే.

డిసెంబరు నాటికే ఊళ్ళో కుళాయి నాలుగు రోజులకొకసారి వచ్చేది. అది వచ్చే రోజు తెల్లవారుజామున మూడు గంటలకే బిందెలు వరుసలో చేరేవి. మనిషి లేకపోయినా బిందె నిలబడితే చాలు, ఆ స్థానాన్ని అందరూ గౌరవించేవారు. తాగడానికి ప్లాంటు నీళ్ళ క్యాను, వాడకానికి కుళాయి నీళ్ళు, బియ్యం కడిగిన నీళ్ళు ఆవు కుడితిలోకి, పాత్రలు కడిగిన నీళ్ళు కరివేప చెట్టుకు: ఇదీ మా అమ్మ పెట్టిన పంపకం. పక్కింటివాళ్ళు మేత కొనలేక కాడి ఎద్దులను సంతలో అమ్మి, ముసలామెను ఇంట్లో వదిలి బెంగళూరుకు కట్టడం పనికి వెళ్ళిపోయారు. శెనక్కాయ పోతే ఒక ఏడు పోయిందనుకుంటాము. చీనీ చెట్టు ఎండితే మాత్రం పదేళ్ళు పోయినట్టే. మళ్ళీ మొక్క నాటి, అది కాపుకు వచ్చేదాకా ఎదురు చూసే వయసు మా నాయనకు లేదు. మూడు ఎకరాల్లో 320 సాత్‌గుడి రకం చీనీ చెట్లు, 2012లో నాటినవి, ఫిబ్రవరి చివరికి ఆకు ముడుచుకోవడం మొదలుపెట్టాయి. పాత బోరు రోజుకు పావుగంట పోసి గాలి కక్కుతోంది.

పాత బోరు అంటే 2009లో 350 అడుగులు వేసినది. అంతకుముందు 1998లో వేసిన 180 అడుగుల బోరు పదేళ్ళు బాగానే నడిచి ఒట్టిపోయింది. 2016లో 520 అడుగులు వేస్తే దుమ్ము తప్ప ఏమీ రాలేదు. మా తాత ఎద్దులతో నీళ్ళు తోడుతూ కపిల తోలిన బావి లోతు నలభై అడుగులే. దాని గర్భంలో ఇప్పుడు తుమ్మచెట్లు మొలిచి, వాటి కొమ్మలు ఒడ్డుకు పైగా కనిపిస్తున్నాయి. ఒక కుటుంబం మూడు తరాల్లో భూమిలోకి ఎంత దిగిందో ఈ నాలుగు అంకెలే చెబుతాయి.

ఇక సేవ విషయానికి వస్తాను. బోరుబండ్లలో చాలా భాగం తమిళనాడు రిజిస్ట్రేషన్‌వి, ముఖ్యంగా నామక్కల్ జిల్లా తిరుచెంగోడు నుంచి వచ్చేవి; అక్కడి నుంచి దేశమంతా తిరుగుతుంటాయి. ఇక్కడ మనకు కనిపించేది స్థానిక ఏజెంటు మాత్రమే. అతని కొట్టు అంటే ఒక బల్ల, రెండు కుర్చీలు, గోడకు వేలాడే దేవుడి క్యాలెండరు, బయట ఎండలో పడి ఉన్న కేసింగ్ పైపులు (బోరు పైభాగంలో మట్టి కూలకుండా దించేవి). ఫోన్ చేసిన పూటే మాట్లాడాడు, మర్యాదగా మాట్లాడాడు, రేటు దాచలేదు. 6.5 అంగుళాల బోరుకు మొదటి 300 అడుగుల వరకు అడుగు 95 రూపాయలు, ఆపైన 400 వరకు 105, 500 వరకు 115, 600 వరకు 130, 700 వరకు 150. కేసింగ్ అడుగు 400. ఇదంతా ఒక చీటీ మీద రాసి ఇమ్మంటే నవ్వి, రాసి ఇచ్చాడు. ఆ నవ్వును బట్టి ఇంతకుముందు ఎవరూ అడిగినట్టు లేదు. మీరు తప్పకుండా అడగండి. లోతు పెరిగేకొద్దీ అడుగు ధర పెరుగుతుందన్న సంగతి చాలామందికి బిల్లు చేతికి వచ్చాకే తెలుస్తోంది.

అనుమతి దగ్గర మాత్రం అతని తీరు నాకు నచ్చలేదు. నీరు, భూమి, చెట్ల రక్షణకు వచ్చిన 2002 నాటి వాల్టా చట్టం ప్రకారం ప్రజల తాగునీటి బావికి గానీ బోరుకు గానీ 250 మీటర్లలోపు కొత్త బోరు వేయకూడదు, వేసే ముందు అనుమతి తీసుకోవాలి. ఆ మాట ఎత్తగానే, "అదంతా మేము సూసుకుంటాం అన్నా, మీరు కొబ్బరికాయ తెచ్చుకోండి సాలు" అన్నాడు. సూసుకోవడమంటే ఏమిటని అడిగితే మాట మార్చాడు. మేమే వెళ్ళి దరఖాస్తు పెట్టుకున్నాము, పది రోజులు పట్టింది. ఊరి తాగునీటి బోరు ఎండిపోతే మొదట బిందె పట్టుకుని నిలబడేది మా అమ్మే కాబట్టి, ఆ పది రోజులు దండగ అని నేను అనుకోను.

పాయింటు చూడడం, అంటే బోరు ఎక్కడ వేయాలో చెప్పడం కూడా ఈ సేవలో భాగమే అన్నట్టు ఏజెంటు తన మనిషిని పంపాడు. ఆయన అరచేతిలో కొబ్బరికాయ పడుకోబెట్టుకుని తోటంతా తిరిగాడు. ఈశాన్య మూల దగ్గర కాయ నిటారుగా లేచింది, అదే నీళ్ళకు గుర్తట, 2000 రూపాయలు తీసుకున్నాడు. దానితో నా మనసు ఒప్పుకోక, విద్యుత్ నిరోధక సర్వే చేసే భూగర్భ శాస్త్రజ్ఞుణ్ణి ఒకరిని పిలిపించాను. ఆయన నాలుగు ఇనుప కడ్డీలు భూమిలో దించి, వైర్లు లాగి, కరెంటు పంపి, ఆ కడ్డీలను ఒకదానికొకటి దూరం జరుపుతూ గంటన్నర కొలతలు తీసుకున్నాడు. ఆయన చూపిన చోటు కొబ్బరికాయ లేచిన చోటుకు ముప్పై మీటర్ల ఎడంలో ఉంది. కాగితం మీద ఆయన రాసి ఇచ్చిన చివరి వాక్యం ఇది: 120 మీటర్ల లోపే పగులు ఉండే అవకాశం ఉంది, అంతకు మించి వెళ్ళడం లాభం కాదు. 120 మీటర్లంటే 394 అడుగులు. ఆ కాగితం ఇప్పటికీ మా బీరువాలో ఉంది.

మా నేల అడుగున ఉన్నది గ్రానైటు జాతి బండ. పైన ముప్పై నలభై అడుగుల దాకా ఎర్రమట్టి, మొరం. తరువాత అంతా బండే. ఇసుకనేలల్లో లాగా ఎక్కడ తవ్వినా ఊరే నీళ్ళు ఇక్కడ ఉండవు. బండలో పగులు తగిలితే ఉన్నట్టు, తగలకపోతే లేనట్టు. బోరువాళ్ళు దాన్ని 'గ్యాపు' అంటారు. లోతుకు పోయేకొద్దీ పై బరువుకు ఆ పగుళ్ళు బిగుసుకుపోతాయి, సంఖ్యలోనూ తగ్గుతాయి. ఈ సంగతి సర్వే చేసినాయన చెప్పాడు, బండి ఆపరేటరుకూ తెలుసు. తెలియనట్టు నటించినవాళ్ళం ఆ రాత్రి మేమే.

బండ్లు రాత్రి తొమ్మిదిన్నరకు వచ్చాయి, చెప్పిన వేళకు అరగంట మాత్రమే ఆలస్యం. ఒకటి బోరు తవ్వే రిగ్గు, ఇంకొకటి రాడ్లూ కంప్రెసరూ మోసే లారీ. పనివాళ్ళు పదిమంది ఉంటారు. ఆపరేటరు తమిళుడు, మిగతావాళ్ళలో ఎక్కువమంది ఒడిశా, జార్ఖండ్ పిల్లలు. తోట గట్టు విరగకుండా, డ్రిప్పు పైపులు తొక్కకుండా, ఒకడు టార్చిలైటుతో ముందు నడుస్తూ బండిని లోపలికి తెచ్చుకున్న పద్ధతి చూసి నాకు ముచ్చట వేసింది. అమ్మ రాడ్డుకు పసుపు కుంకుమ పెట్టింది, నాయన కొబ్బరికాయ కొట్టాడు, పదకొండు గంటలకు బండను కొట్టే సుత్తి దిగింది. ఆ మోత రెండు మైళ్ళ దూరం వినిపిస్తుంది. మా ఊళ్ళో బోరు మోత వినబడితే ఎవరూ ఇంట్లో పడుకోరు. అర్ధరాత్రికి గట్టు మీద ముప్పైమంది చేరారు, కొందరు మా కోసం, కొందరు తమ బోరు నీళ్ళు ఇటు లాగుతాయేమోనన్న భయంతో.

ఒక్కొక్క రాడ్డు 20 అడుగులు. లెక్క తప్పకుండా ఉండాలని మా నాయన ఇంటి నుంచి ఒక చెంబు, పిడికెడు శెనక్కాయ గింజలు తెచ్చుకున్నాడు. రాడ్డు దిగిన ప్రతిసారీ ఒక గింజ చెంబులో వేసేవాడు. ఆ పక్కనే కూర్చున్న నేను ఫోనులో రాసుకుంటూ పోయాను గానీ, తొమ్మిదో రాడ్డు దగ్గర కాల్ వచ్చి నా లెక్క తప్పింది. చెంబు లెక్క తప్పలేదు.

నలభై అడుగులకు గట్టి బండ తగలగానే ఆపి, కేసింగ్ రెండు పైపులు దించారు. ఇక్కడ చాలాచోట్ల జరిగే మోసం ఒకటి ఉంది: బండ ముందే తగిలినా ఇంకో పైపు దించి డబ్బు రాస్తారు, లేదా పలచటి పైపు వేస్తారు. వీళ్ళు ఆ పని చేయలేదు. పైపు మందం చూపించి, అంచు కొలిచి, ఆ తరువాతే దించారు. ఈ విషయంలో వాళ్ళకు నిండు మార్కులు ఇస్తున్నాను.

బోరు నోట్లో నుంచి పైకి లేచే దుమ్ము తెల్లగా, పిండిలా ఉంటే ఆశ లేనట్టు. తొంభై అడుగుల దగ్గర దాని రంగు మారి కొంచెం చెమ్మగా వచ్చింది, మళ్ళీ తెల్లబడింది. రెండు వందలు, మూడు వందలు అలాగే పోయాయి. రెండున్నర గంటల వేళ, ఇరవయ్యో రాడ్డు సగం దిగాక, మోత ఒక్కసారిగా మారింది. సుత్తి ఒక జానెడు జారి, ఆ వెంటనే బురదనీళ్ళు ఎగిసి దగ్గర నిలబడ్డవాళ్ళ మీద పడ్డాయి. 390 అడుగులు. మా నాయన పరుగున పోయి దోసిలి పట్టి, ఆ బూడిదరంగు నీళ్ళు నాలుక మీద వేసుకుని, "తీయగుండాయప్పా" అన్నాడు. అమ్మ ఏడ్చింది. ఆపరేటరు చేయి ఊపి బండి ఆపి, నీళ్ళు ఒకటింబావు ఇంచు దాకా ఉండవచ్చని చెప్పాడు (బోరు నీళ్ళు ఎంత పడ్డాయో ఇంచుల్లోనే చెబుతారు).

అక్కడ ఆపివేసి ఉంటే ఈ సమీక్షకు 5కు 5 మార్కులు వేసేవాణ్ణి. ఏజెంటు మా నాయన పక్కకు వచ్చి, "ఈడిదాకా వచ్చి ఇడ్సిపెడ్తే ఎట్లా పెద్దాయనా, ఇంగొక వంద ఏసుకుంటే రెండించులు పడ్తాయి, పడకున్యా నీళ్ళు నిలవుంటాయి" అన్నాడు. బలవంతం చేయలేదు, అబద్ధమూ చెప్పలేదు. చుట్టూ ఉన్న ముప్పైమందీ ఔనన్నారు. ఎవరి బోరు ఎన్ని వందల అడుగుల దగ్గర పడిందో చెప్పడం మొదలుపెట్టారు. పడనివాళ్ళు మాత్రం ఏమీ మాట్లాడలేదు. నేను జేబులోంచి సర్వే కాగితం తీశాను. నాయన దాన్ని చూడనే లేదు. "బండి మళ్ళీ మళ్ళీ రాదు" అన్నాడు. నిజమే, ఆ వేసవిలో బండి దొరకడానికే మూడు వారాలు పట్టింది.

అలా ఇంకో వంద, తరువాత ఇంకో వంద, చివరికి తెల్లవారి ఆరు గంటలకు 640 అడుగుల దగ్గర ఆపించాము. 390 తరువాత కొత్తగా ఒక్క చుక్క పడలేదు. ఆ 250 అడుగులకు అయిన ఖర్చు 31,550 రూపాయలు. చీటీ మీది రేట్లతో మీరే వేసుకోవచ్చు.

బిల్లు రాసేటప్పుడు ఏజెంటు 660 అడుగులు అన్నాడు. నాయన చెంబు బోర్లించి గింజలు లెక్కపెట్టమన్నాడు: 32. ఏజెంటు ఆపరేటరుతో రెండు మాటలు మాట్లాడి, వాదన లేకుండా 640కి దిద్దాడు. పొరపాటో, అలవాటో నేను తేల్చలేను. 3000 రూపాయల తేడా మాత్రం నిజం. బోరుకు 69,500, కేసింగ్‌కు 16,000, మొత్తం 85,500 రూపాయలు అయింది, రసీదు ఇచ్చాడు. గింజలను రాత్రంతా రాడ్లు మోసిన ఒడిశా పిల్లవాడు తీసుకుని నోట్లో వేసుకున్నాడు.

మరొక పని గురించి మెచ్చుకోలుగా చెప్పాలి. 2016లో ఫెయిలైన 520 అడుగుల బోరు నోటిని ఇన్నాళ్ళూ మేము ఒక బండరాయితో మూసి ఉంచాము. వాడకంలో లేని బోర్లలో పిల్లలు పడిపోతున్న కారణంగా 2010లో సుప్రీం కోర్టు వాటిని సరిగా మూసివేయాలని మార్గదర్శకాలు ఇచ్చింది. అయినా మా ఊళ్ళో బండరాయే చట్టం. ఆపరేటరు ఆ రాయిని చూసి, ఎవరూ అడగకుండానే, పాత కేసింగ్ మీద ఇనుప రేకు పెట్టి వెల్డింగ్ చేయించాడు. డబ్బు తీసుకోలేదు, టీ అడిగాడు.

ఇప్పుడు సేవలో అసలు లోపం దగ్గరకు వస్తాను. నీళ్ళు పడడానికీ ఆ నీళ్ళు చెట్టు మొదట్లోకి చేరడానికీ నడుమ ఇంకో ఖర్చు ఉంది, దాని గురించి ఏజెంటు ఒక్క మాట కూడా ముందు చెప్పలేదు. మా దగ్గర ఉన్న 5 హెచ్‌పీ మోటారు 390 అడుగుల బోరుకైతే సరిపోయేది. 600 అడుగుల నుంచి నీళ్ళు ఎత్తాలంటే అది చాలదు, 7.5 హెచ్‌పీ మోటారు, అదనపు పైపు, కేబులు, స్టార్టరు కలిపి 72,000 రూపాయలు అయ్యాయి. ఇది బండివాడి బాధ్యత కాదని అనవచ్చు. కానీ అర్ధరాత్రి రెండున్నరకు "ఇంగొక వంద" అన్న మనిషికి, ఆ వందతో మోటారు మారుతుందని తెలుసు. ఆ ఒక్క వాక్యం చెప్పి ఉంటే మా నాయన ఆగేవాడేమో. ఆగకపోయినా, తెలిసి ఆగలేదన్న లెక్క ఉండేది.

ఏప్రిల్ 2న మోటారు దించాము. 200 లీటర్ల డ్రమ్ము పెట్టి కొలిస్తే నాలుగు నిమిషాల్లో నిండింది. నలభై నిమిషాలు అలా పోసి ఆగిపోయేది. మూడు గంటలు ఊరనిచ్చి మళ్ళీ వేస్తే మళ్ళీ నలభై నిమిషాలు. వ్యవసాయానికి పగటిపూట తొమ్మిది గంటలు ఉచిత కరెంటు ఉంటుంది కాబట్టి రోజుకు మూడు తడవలు వచ్చేవి, అంటే 6000 లీటర్లు. 320 చెట్లకు పంచితే చెట్టుకు 19 లీటర్లు కూడా పూర్తిగా రావు. కాపుకొచ్చిన చీనీ చెట్టుకు మా ఎండల్లో కావలసిన దానిలో ఇది నాలుగో వంతుకు లోపే. చెట్టును బతికించడానికి సరిపోతుంది, కాయను నిలపడానికి చాలదు. పిందె రాలిపోయింది, చెట్లు నిలిచాయి.

ఆ నలభై నిమిషాల సంగతి నన్ను చాలా రోజులు తొలిచింది. 6.5 అంగుళాల వ్యాసంతో 250 అడుగుల గొట్టంలో పట్టే నీళ్ళు ఎన్నో లెక్క వేసి చూశాను: సుమారు 1600 లీటర్లు. ఒక తడవకు మాకు వచ్చేవి 2000. అంటే మోటారు మొదట తోడేది ఆ మూడు గంటల్లో గొట్టంలో నిలిచిన నీళ్ళనే, పగులు నుంచి అప్పటికప్పుడు వచ్చేవి కొంచెమే. 'నీళ్ళు నిలవుంటాయి' అన్న ఏజెంటు మాట అక్షరాలా నిజమైంది. 31,550 రూపాయలు పెట్టి మేము భూమిలో ఒక నిలువు తొట్టి తవ్వించుకున్నాము. అదే డబ్బుకు నేల మీద ఇంతకంటే పెద్ద తొట్టి వచ్చేది.

ట్యాంకరుతో పోల్చి చూడడం న్యాయం. ఆ వేసవిలో 5000 లీటర్ల ట్రాక్టరు ట్యాంకరు మా తోటకు 700 రూపాయలకు వచ్చేది. బోరూ మోటారూ కలిపి 1,57,500 రూపాయలంటే 225 ట్యాంకర్లు. ఆ నీళ్ళను మా బోరు పోయాలంటే రోజుకు 6000 చొప్పున 187 రోజులు నడవాలి. మే 20 దాకా, అంటే 48 రోజులు, సక్రమంగా నడిచింది. తరువాత తడవ ఇరవై నిమిషాలకు పడిపోయింది. చివరి మూడు వారాలు మేము బోరూ నడిపాము, ట్యాంకర్లూ తోలించాము. జూన్ వానల తరువాత కొంత తేరుకుంది, ఇప్పుడు తడవకు అరగంట పోస్తోంది. రెండు మూడేళ్ళు ఇలాగే నిలిస్తే పెట్టిన డబ్బు వచ్చినట్టే. 1998 బోరు పదేళ్ళు నిలిచింది కదా అని నాయన అంటాడు. అప్పుడు మా చుట్టూ ఉన్న బోర్లు ఏడు. ఇప్పుడు మా గట్టు మీద నిలబడి చూస్తే కనబడే బోరు మోటార్ల స్టార్టరు డబ్బాలే పంతొమ్మిది.

మా పొలానికి రెండు పొలాల అవతల ఒకాయన బోరు 300 అడుగులే, అయినా ఆ వేసవిలో మాకంటే ఎక్కువ సేపు పోసింది. ఆయన పొలం వాలులో, వాననీళ్ళు నిలిచి భూమిలోకి ఇంకేలా ఉపాధి హామీ కింద తవ్విన పంటకుంట ఉంది. 2006 ఫిబ్రవరి 2న ఆ పథకం దేశంలో మొదలైంది మా జిల్లా నార్పల మండలం బండ్లపల్లిలోనే. మా ఊరివాళ్ళు మాత్రం కుంటకు భూమి పోతుందని చాలాకాలం వద్దన్నారు, మా నాయనతో సహా. ఒక్క పొలాన్ని చూసి కుంట వల్లనే అంతా జరిగిందని నేను రాయను, ఆయనకు తగిలిన పగులు వేరే కావచ్చు. అయితే సర్వే చేసినాయన కూడా వెళ్తూ వెళ్తూ బోరు వేసినా వేయకపోయినా ఎగువన కుంట తవ్వించుకోమన్నాడు. ఆ సలహాకు ఆయన డబ్బు తీసుకోలేదు కాబట్టి మేము దాన్ని లెక్కలోకి తీసుకోలేదు.

ఇదే ఏజెంటును పిలవమని ఎవరైనా నన్ను అడిగితే, పిలవమనే చెబుతాను. వేళకు వస్తాడు, కేసింగ్‌లో మోసం లేదు, తప్పు చూపిస్తే దిద్దుతాడు, పనివాళ్ళు మర్యాదస్తులు. పిలిచే ముందు మాత్రం ఇంట్లో కూర్చుని ఎన్ని అడుగుల దగ్గర ఆపాలో నిర్ణయించుకుని, ఆ అంకెను చీటీ మీద రాసి ఏజెంటు చేత సంతకం పెట్టించుకోండి, ఎందుకంటే అర్ధరాత్రి బోరు మోతలో, ఊరంతా చుట్టూ నిలబడి ఉండగా, ఇంటిల్లిపాదీ ఆ బురదనీళ్ళ వైపే చూస్తున్నప్పుడు ఆపమనే నోరు ఎవరికీ రాదు. మోటారు మెకానిక్కును కూడా ముందే పిలిచి ఏ లోతుకు ఏ మోటారు కావాలో, ఎంత అవుతుందో అడిగి పెట్టుకోండి. రాడ్లు లెక్కపెట్టడానికి ఫోనును నమ్ముకోకండి.

సెప్టెంబరు చివర ఏజెంటు తానే ఫోన్ చేసి బోరు ఎలా పోస్తోందని అడిగాడు. అరగంట అని చెప్పాను. కంప్రెసరుతో ఒకసారి ఫ్లషింగ్ చేయిస్తే పగుళ్ళలో చేరిన మట్టి పోయి నీళ్ళు పెరగవచ్చని, ఇప్పుడు బండ్లు ఖాళీగా ఉన్నాయి గనుక రేటు తగ్గిస్తానని అన్నాడు. ఎంత పెరుగుతాయో రాసి ఇస్తావా అని అడిగాను. ఈసారి అతను నవ్వలేదు. "అది ఎవురు రాసిస్తారన్నా" అన్నాడు. ఫోను నాయనకు ఇచ్చాను. ఎగువ గట్టు కింద కుంటకు కొలతలు వేయడానికి మనుషులు వచ్చి ఉన్నారు, ఆయన వాళ్ళతో మాట్లాడుతూ, తరువాత చూద్దామని చెప్పి పెట్టేశాడు.